అలల్లో జమకట్టిన చెయ్యి

శుద్ధ పాడ్యమి. పోటు.

ఇంటివాళ్ళెవరైనా రోజూ నాలుగు ముక్కలు రాయాలన్నారు పునరావాస కేంద్రంవారు. పొర తొడుక్కున్న మనిషి తన గురించి తాను నిజం చెప్పడట, పక్కనున్న మనిషే చెబుతుందట. బతుకంతా పిల్లలకి భౌతికశాస్త్రం చెప్పినదాన్ని, పరిశీలనలు రాయడం నాకు కొత్త కాదు. కానీ మీరిచ్చిన గడుల్లో మాత్రం రాయను. 'తోడున్నవారి మానసిక స్థితి' అని ఒక గడి గీసి అంగుళం చోటు వదిలారు. నాకు అంగుళం చాలదు.

ఈ రోజు మా ఆయనకి పొర వేశారు. ఆయన పేరు సత్తిరాజు. మా తెప్పలపేటలో ఇళ్ళన్నీ నీళ్ళ మీద తేలేవే. వాటిని ఒకదానితో ఒకటి బిగించి ఉంచే కట్టుతాళ్ళ పని ఆయనది. ఒక తుఫానుకి ముందు తాడు తెగి ఇనపదిమ్మ నడుం మీద పడింది. నడుం కింద తనకో శరీరం ఉన్నట్టు ఆయనకి తెలియక పదిహేడేళ్ళయింది. ఆ పదిహేడేళ్ళూ ఆ సగం మనిషి బాధ్యత నాది. తిప్పడం, తుడవడం, నూనె రాయడం, మడమలూ తుంట్లూ కందాయేమో చూడడం. బడిగంట కొట్టినట్టు వేళకి వేళ. ఒక్క పుండు పడనివ్వలేదు. గట్టు మీది పెద్ద డాక్టర్లు లాంచీ కట్టించుకుని వచ్చి మరీ చూసి వెళ్ళారు.

పొర చూడడానికి చేప పొట్టలోని జిగురుతొక్కులా ఉంది. నడుం నుంచి అరికాళ్ళదాకా అంటించి, మెడ వెనక బఠాణీ అంత పూస పెట్టారు. కాళ్ళకి తగిలినదాన్ని వెన్నులో విరిగినచోటు దాటించి తలకి చేరవేస్తుందట. నెలపాటు నేర్చుకుంటుంది. వచ్చే అమావాస్యకి దానికి ముద్ర వేస్తారు. ముద్ర పడ్డాక నేర్చుకున్నది పోదు, నేర్చుకోనిది రాదు. మా వయసు బుర్రలకి రెండో అవకాశం లేదని ముందే సంతకం పెట్టించుకున్నారు.

పొరకి నేర్పడానికి జెరూషా అనే ట్యూనరమ్మాయి వచ్చింది. నెమలీక, చెంచా, మంచుముక్కల సీసా ఉన్న పెట్టె పట్టుకుని, తేలే ఇంట్లో నడవడం రాక తూలుతూ వచ్చి, "నమస్తే అండి మామ్మగారూ" అంది నాతో. ఆయన వైపు తిరిగి, "రాజుగారూ, మొదలెట్టేద్దామాండి?" అంది. ఆయన నాకంటే నాలుగేళ్ళు పెద్ద. ఆయన రాజుగారు, నేను మామ్మగారు!

నెమలీకతో ఎడమకాలి బొటనవేలు తాకింది. ఆయన ఊపిరి బిగబట్టారు.

"ఒసే వేణీ, నా కాలు ఇక్కడే ఉందే!"

తప్పిపోయిన తమ్ముడు లాంచీ దిగినట్టు అన్నారు. తర్వాత ఏడ్చారు. ఏడుస్తూ ఆ పిల్ల చెయ్యి పట్టుకున్నారు. నేను అటుపక్క తువ్వాలు పట్టుకుని నిలబడి ఉన్నాను. నా మానసిక స్థితి: సంతోషం. రాసుకోండి.

శుద్ధ చవితి. ఆటు.

నాచు ఆరబెట్టాను. పొగమంచు పట్టే వలల నుంచి రెండు బిందెల నీళ్ళు దిగాయి.

పులస మా పిల్లి. పుట్టినప్పటినుంచీ అది ఆయన కాళ్ళ మీదే పడుకుంటుంది. ఇవాళ ఎక్కగానే, "ఇదేంటే, ఇంత వెచ్చగా ఉంటుందా ఇది! గోళ్ళు పీకుతోంది చూడు దొంగముండ!" అని మురిసిపోయారు. పిల్లి మీద పావుగంట ఉపన్యాసం ఇచ్చారు. సాయంత్రం క్షవరం చేసే అప్పలస్వామి వచ్చి కాలిగోళ్ళు తీస్తే ఆయనకి చక్కిలిగింత. పక్కిళ్ళకి వినబడేలా నవ్వారు. చక్కిలిగింత పెట్టినందుకు అప్పలస్వామికి కాఫీ కూడా ఇప్పించారు. కాఫీపొడి మా పేటకి పండక్కి వచ్చే సరుకు.

వాళ్ళంతా వెళ్ళాక నేను పిక్కలకి నూనె రాస్తూ అడిగాను.

"తెలుస్తోందా?"

"తెలుస్తోందే. హాయిగా ఉంది." కిటికీలోకి చూస్తూ అన్నారు.

పిల్లికి పావుగంట. భార్యకి మూడు మాటలు.

శుద్ధ సప్తమి. పోటు.

అనుమానం వచ్చాక ప్రయోగం చెయ్యకపోవడం నా చదువుకి అవమానం. ఆయన కళ్ళకి నా పాత చీరపీలిక కట్టాను.

"ఎందుకే ఇది?"

"కేంద్రంవారు చెయ్యమన్నారు. ముట్టుకున్నప్పుడల్లా ఎక్కడో చెప్పండి." కేంద్రంవారి పేరు వాడుకున్నందుకు క్షమించాలి. లేదా మానాలి, మీ ఇష్టం.

నా రెండు చేతులూ నా ఒళ్ళో పెట్టుకుని, "ఇప్పుడు?" అన్నాను.

"మోకాలు. వెచ్చగా ఉంది."

"ఇప్పుడు?"

"పాదం. అబ్బ, నీ చెయ్యి ఎంత మెత్తనే."

అప్పుడు రోజూ నూనె రాసేటప్పటిలా నిండు అరచేత్తో ఆయన పిక్క పట్టుకుని మాట్లాడకుండా కూర్చున్నాను. ఆయన ఈలపాట మొదలుపెట్టారు. పులసని తెచ్చి కాళ్ళ మీద వేశాను. "వచ్చిందమ్మా మహారాణి" అన్నారు వెంటనే.

పరిశీలన: భర్త అబద్ధమాడును. కారణం: జాలి.

ఈ ఇంట్లో జాలి ఇన్నేళ్ళూ ఒక్కవైపే పారిందనుకున్నాను. అది నా వైపు తిరిగి నా కాళ్ళు తడిపింది ఈ రోజు. పీలిక విప్పి, ఏమీ జరగనట్టు చారు పెట్టాను. చారులో ఉప్పు మరిచిపోయాను. బాగుందని అదీ అబద్ధమే చెప్పారు.

శుద్ధ దశమి. ఆటు.

ఇప్పటిదాకా జెరూషా వచ్చినప్పుడు వంటగదిలో ఉండేదాన్ని. ఇవాళ పరీక్ష హాల్లో కాపలా కూర్చున్నట్టు కుర్చీ వేసుకుని ఎదురుగా కూర్చున్నాను. చల్లటి చెంచా, గరుకు గుడ్డ, వేళ్ళ కొసలు. ఏది వేసినా ఆయన ఠక్కున చెబుతున్నారు. ఆ పిల్ల "భలే రాజుగారూ!" అన్నప్పుడల్లా ఈయన మొహం మొదటి ర్యాంకు వచ్చిన పిల్లాడిలా వెలిగిపోతోంది.

"మామ్మగారూ, మీరలా చూస్తుంటే రాజుగారి పిక్క బిగుసుకుపోతోందండి."

"పిక్కకి కళ్ళున్నాయా అమ్మా?"

"లేవండి. కానీ మీకున్నాయి కదండి" అంది ఆ పిల్ల నవ్వుతూ. నోరుంది. నాకు నచ్చింది, అందుకని ఇంకా మండింది.

తొడ సగం దాకా వచ్చి చెంచా పెట్టెలో పెట్టేసింది.

"ఇక్కణ్ణుంచి పైకి నేను చెయ్యనండి. అది మీ ఇద్దరిదీ. పొరకి ఆ భాగం మీరే నేర్పుకోవాలి. ముద్ర వేసేలోగా నేర్పకపోతే అక్కడ ఇక ఎప్పటికీ ఏమీ తెలియదండి రాజుగారికి."

"ఈ వయసులో అవన్నీ మాకెందుకమ్మా" అన్నాను నేను. అనాలి కదా.

"ఎందుకంటే ఏంటే?" అన్నారు ఆయన. "నాకు కావాలి."

నా మనవరాలి వయసు పిల్ల ముందు అన్నారు. ఆయన చెవులు ఎర్రబడ్డాయి కానీ మాట వెనక్కి తీసుకోలేదు. జెరూషా రెప్ప వెయ్యకుండా, "మంచిదండి, రాసుకుంటాను" అని రాసుకుంది, ఎవరో రేవులో ఇంకో తాడు కావాలన్నట్టు.

నాకు సిగ్గు వెయ్యలేదు. భయం వేసింది. ఆ భాగం నేర్పాల్సిన చెయ్యి నాది. ఆ చెయ్యి ఆయనకి తెలియడం లేదు.

"అమ్మాయ్, నీ పొర చెడిపోయింది. దానికి అందరూ తెలుస్తున్నారు, నేను తప్ప." చెప్పేశాను. ఆయన తల తిప్పుకున్నారు.

శుద్ధ ఏకాదశి. ఆటు.

జెరూషా పూసకి తీగ తగిలించి రెండు గంటలు తెర మీద గీతలు చూసింది. తర్వాత పెట్టె మూసి, నా పక్కన నేల మీద కూర్చుంది.

"పొర చెడలేదండి మామ్మగారూ. గట్టు మీది ఇళ్ళకీ తెప్పిళ్ళకీ ఒక తేడా పెడతామండి. ఇక్కడ ఇల్లు ఊగుతానే ఉంటది కదా. తాడు లాగుతుంది, అడుగునీళ్ళు తోడే పంపు అదురుతుంది. అవన్నీ తెలుస్తా ఉంటే మనిషికి పిచ్చెక్కిపోద్ది. అందుకని అలల జల్లెడని ఒకటి ఉంటదండి. రోజూ ఒకే వేళకి, ఒకే చోట, ఒకే బరువుతో వచ్చేదాన్ని అది అలల్లో జమకట్టి పక్కన పడేస్తది."

నేను అక్కడే ఆపమన్నాను. మిగతాది నాకు అర్థమైంది. ఖాళీ పళ్ళెం బరువు తీసేసి తూచమని నేనే పిల్లలకి నేర్పేదాన్ని.

గంట తప్పలేదు నేను. చోటు మార్చలేదు. బరువు మార్చలేదు. తుంటి కింద ఎడమచెయ్యి, మోకాలి కింద కుడిచెయ్యి, ఒకటి, రెండు, తిప్పు. పిల్లి తనకిష్టమైనప్పుడు ఎక్కుతుంది. అప్పలస్వామి చెయ్యి వణుకుతుంది. నా చెయ్యి వణకదు. ఆ వణకని చేతిని మీ యంత్రం బంగాళాఖాతంలో కలిపేసింది.

"అది తుడిచెయ్యి" అన్నాను.

"తుడవడానికి లేదండి. అదే మరిచిపోవాలి. మీరు కొన్నాళ్ళు రాజుగారి పని ఏదీ చెయ్యకూడదండి. తిప్పడం, నూనె, స్నానం, ఏదీను. సేవాసంఘం మనిషిని పెట్టుకోండి. ఆ తర్వాత ముట్టుకుంటే..."

"ఇంకొకరు తిప్పాలా ఆయన్ని?"

"అవునండి."

"పుండు పడితే?"

నేను లేచి వెళ్ళి, గంట అయింది కనుక, ఆయన్ని కుడివైపుకి తిప్పాను.

పున్నమి. పెద్ద పోటు.

నాలుగు రోజులుగా ఇంట్లో మాటల్లేవు. సంఘానికి కబురు పెట్టనన్నాను. పెట్టమన్నారు ఆయన. మా మనవరాలు హంసిని లాంచీ నడుపుతుంది. అది మధ్యాహ్నం భోజనానికి వచ్చి ఇద్దరి మొహాలూ చూసి కంచం పక్కన పెట్టింది.

"ఏంటి మామ్మా? తాతయ్యని వేరేవాళ్ళు తిప్పితే నీకేంటి నష్టం?"

"పదిహేడేళ్ళు ఒక్క పుండు పడనివ్వలేదు నేను."

అప్పుడన్నారు మా ఆయన, చాలా మెల్లగా, "పుండు పడలేదు, నిజమే. ముద్దు కూడా పడలేదు కదే."

హంసిని గభాలున మంచినీళ్ళు తాగింది. నేను బయటికి వెళ్ళమంటానని చూసి, అనకపోయేసరికి తనే వెళ్ళింది. పిల్ల తెలివైనది.

"దెబ్బ తగిలిన ఏడాదే మీకు అన్నీ పోయాయన్నారు డాక్టర్లు" అన్నాను.

"కిందవి పోయాయన్నారే. పెదాలు పోయాయన్నారా? మెడ పోయిందన్నారా? చెవుల వెనక మొదటినుంచీ తెలుస్తూనే ఉందే నాకు. నువ్వెప్పుడూ అటు రాలేదు. తువ్వాలు పట్టుకుని కిందికి పోయేదానివి."

"మీరు అడగలేదు."

"ఎవర్ని అడగను? మడమలు చూసే నర్సమ్మని అడగనా? సిగ్గేసిందే నాకు. నా మలం ఎత్తే మనిషిని కౌగిలించుకుంటానంటే ఏమనుకుంటుందోనని సిగ్గు. పేటంతా నిన్ను దేవతని చేసింది. దేవతకి పడకగది ఉంటదా?"

నేనేమన్నానో రాయను. ఏమీ అనలేదు కాబట్టి. నేనూ ఆయన్ని అటువైపు చూడడం మానేశానని, ఆ శరీరాన్ని నీటుగా ఉంచాల్సిన వస్తువుల్లో చేర్చేశానని, ఆ మాట నోటితో అనడానికి నాకు నా చదువు చాలలేదు.

సాయంత్రం సంఘానికి కబురు పెట్టాను. బట్టలు సర్దుకుని హంసిని లాంచీలోకి మారాను. లాంచీ మా ఇంటికే కట్టి ఉంటుంది. అయినా నీళ్ళు దాటాలి.

బహుళ తదియ. పోటు.

సంఘం పంపిన మనిషి పేరు అబ్బులు. గుమ్మం పట్టనంత మనిషి. పొద్దున్నే లాంచీ మీద నిలబడి చూస్తున్నాను. తుంటి కింద చెయ్యి పెట్టకుండా భుజం పట్టి లాగుతున్నాడు.

"అబ్బులూ! తుంటి! తుంటి కింద!"

"ఆయ్, అలాగేనండి టీచరుగారూ!" అంటాడు. మళ్ళీ భుజమే పడతాడు. ఒకసారి ఎడమ, ఒకసారి కుడి, పాట గుర్తొస్తే మధ్యలో ఆగుతాడు. గంటకి రావలసినవాడు గంటన్నరకి వస్తాడు. ఇంత అడ్డదిడ్డం మనిషి కనుక వాడి చెయ్యి మా ఆయనకి శుభ్రంగా తెలుస్తోంది. "అబ్బులుది రోలంత చెయ్యే, కానీ భలే వెచ్చన" అని నాకే చెబుతున్నారు కిటికీలోంచి.

జెరూషా మీద కుళ్ళుకోవడానికి కారణమైనా ఉంది. పిల్ల చక్కనిది. అప్పలస్వామి, పిల్లి, ఇప్పుడు ఈ అబ్బులు! ఆడా మగా జంతువూ అని చూడకుండా కుళ్ళుకునే స్థితికి వచ్చాను ఈ వయసులో. గడిలో రాయండి, పట్టినంత.

బహుళ షష్ఠి. ఆటు.

ముట్టుకోకూడదు కానీ చూడకూడదని మీరు అనలేదు. మధ్యాహ్నాలు వెళ్ళి ఆయన ఎదురుగా కూర్చుంటున్నాను. ఎదురుగా కూర్చుని చూడడం చాలా ఏళ్ళ తర్వాత. ఎప్పుడూ పక్కనుంచో, కాళ్ళ దగ్గర నుంచో చూసేదాన్ని. ఆయన కనుబొమల్లో ఒకటి తెల్లబడింది, ఒకటి ఇంకా నల్లగానే ఉంది. ఎండుచేపల కూర తిన్నాం. పేకముక్కలు వేశాం. ఆయన దొంగాట ఆడారు. పట్టుకున్నాను.

"నువ్వు నవ్వితే ముక్కు ముడుచుకుంటదే ఇంకా" అన్నారు.

లాంచీలోకి తిరిగి వచ్చేటప్పుడు చీర కుచ్చిళ్ళు సరిచేసుకున్నాను. హంసిని చూసి, "కాలేజీ నుంచి వస్తున్నావా మామ్మా?" అంది. చీపురు విసిరాను. తగల్లేదు.

బహుళ దశమి. పోటు.

ఇక మొదలుపెట్టవచ్చంది జెరూషా. ఒకే షరతు: పనిలా ఉండకూడదు, వేళ ఉండకూడదు.

వేళ లేకుండా ఎలా చెయ్యాలో నాకు తెలియదు. చింతగింజల మీద అంకెలు రాసి చెంబులో వేసి, ఏ గింజ వస్తే ఆ నిమిషానికి ముట్టుకుందామని ఏర్పాటు చేశాను. ఆయన పొట్ట పట్టుకుని నవ్వారు.

"అల్లరి కూడా టైంటేబుల్ వేసి చేస్తావా టీచరమ్మా?"

గింజ తీశాను. చెయ్యి వేశాను. ఆయన కళ్ళు మూసుకున్నారు, తల అడ్డంగా ఊపారు. ఇప్పుడు అబద్ధం ఆడడం మానేశారు. అదొక్కటే మిగిలింది మాకు. ఇంకో గింజ. నా వేళ్ళు ఎక్కడికి పోయాయో తర్వాత చూసుకున్నాను. మడమ దగ్గరికి పోయి, కందిందేమోనని నొక్కి చూస్తున్నాయి.

మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే, ఈ రెండు ముక్కలూ ద్వాదశినాడు చేర్చినవి. నేను భార్యగా బయలుదేరినా చెయ్యి నర్సుగా చేరుతోంది. పొరకి అది నాకంటే ముందు తెలుస్తోంది.

బహుళ చతుర్దశి. ఆటు.

రేపు ముద్ర.

మధ్యాహ్నం అబ్బులు భోజనానికి వెళ్ళాడు. నేను వెళ్ళేసరికి మా ఆయన మంచం వాలు ఎత్తించుకుని కూర్చున్నారు. మంచి చొక్కా వేసుకున్నారు.

"ఒక మాట వేణీ. కోప్పడకు. జెరూషాతో చెప్పేశాను. రేపు ముద్ర వేసేముందు ఆ అలల జల్లెడ మొత్తం తీసెయ్యమన్నాను."

"తీసేస్తే?"

"అన్నీ తెలుస్తాయి. ఇల్లు ఊగడం, తాడు లాగడం, పంపు అదురు. ఆటూ పోటూ."

"ఎన్నాళ్ళు?"

"ఉన్నన్నాళ్ళు."

"నిద్ర?"

"నిద్రదేముందే, కాస్త తగ్గుద్ది. నీ చెయ్యి కూడా తెలుస్తది కదా అందులో."

పిచ్చెక్కుతుందని ఆ పిల్ల ముందే చెప్పింది. నా చేతి కోసం ఈయన పిచ్చి కొనుక్కోడానికి సిద్ధపడ్డారు. ఇంకో ఆడదైతే ఆ మంచం మీద పడి ఏడ్చేది.

"ఎప్పుడు చెప్పారు ఆ పిల్లతో?"

"నిన్న."

"నిన్న మధ్యాహ్నమంతా నేను ఇక్కడే ఉన్నాను కదా. నాతో అనలేదేం?"

"నువ్వు వద్దంటావని. ఆ పిల్లా వద్దంది. బతిమాలుకున్నాను."

"బతిమాలుకున్నారా!"

"అరవకే, పక్కింటికి..."

"అరుస్తాను. సముద్రమంతా రాత్రీ పగలూ మీ మీద పడి పొర్లుతుంటే అందులో ఏ మూలో నా చెయ్యి వెతుక్కుంటారా? పంపుతోటీ తాడుతోటీ వంతులేసుకోవాలా నేను?"

ఆయనకి నవ్వొచ్చింది. "సముద్రం కూడా సవతేనా నీకు?"

ఆ నవ్వు నన్ను ముంచింది.

"నాతో చెప్పకుండా ఆ పిల్లతో చెప్పుకున్నావు నువ్వు! ఆ పిల్లతో!"

పెళ్ళయ్యాక ఆయన్ని నువ్వు అనడం ఇదే మొదలు. అంటూనే గిల్లాను. ఎక్కడ గిల్లానో కేంద్రానికి అనవసరం, తొడ అని రాసుకోండి. రెండు వేళ్ళతో పట్టి, మెలి తిప్పి, బుగ్గి చెయ్యాలన్నంత కోపంతో గిల్లాను.

"అబ్బా! చంపేశావే!"

పంపు ఆగింది. లేకపోతే నాకు అలా అనిపించింది. ఆయన తన తొడ వైపు చూశారు, నా వేళ్ళ వైపు చూశారు.

"తెలిసింది" అన్నారు. "మండుతోంది. వేణీ, మండుతోందే!"

నేను వేళ్ళు వెనక్కి తీసుకున్నాను.

"ఏదీ, మళ్ళీ."

"గిల్లను."

"ఎందుకే?"

"మీరు అడిగినప్పుడు చేస్తే అది పనవుతుంది."

ఆయన ఎదురుచూశారు. నేను చూడనట్టు కిటికీ దగ్గరికి పోయి ఆరేసిన నాచు గురించి ఏదో అన్నాను, గాలి ఇటు తిరిగితే మడతెయ్యాలనో ఏదో. ఆయన "ఊఁ" అనబోతుండగా వెనక్కి తిరిగి చెయ్యి వేశాను. ఆయన ఊపిరి లోపలికి పీల్చుకున్నారు.

"ఇది గిల్లుడు కాదే."

"కాదు."

కొంతసేపటికి అబ్బులు వచ్చి తలుపు కొట్టాడు. గడియ వేసి ఉంది.

"తర్వాత రారా" అన్నారు మా ఆయన.

"ఎప్పుడు రమ్మంటారండి?"

"రేపు."

"మరి తిప్పడం అండి?"

"తిరుగుతున్నాన్లే, పో."

ఇక్కడ ఒక పేజీ ఖాళీగా వదిలాను. కావాలంటే మీ గడులు గీసుకోండి.

అమావాస్య. పెద్ద పోటు.

జెరూషా పొద్దున్నే వచ్చింది. తీగ తగిలించి తెర చూసింది, నన్ను చూసింది, మళ్ళీ తెర చూసింది.

"ఇక్కడంతా నిన్నటిదాకా ఖాళీయండి..."

"ఇప్పుడు లేదు కదా. నవ్వకుండా పని చూడు."

నవ్వింది. పోనీ.

అలల జల్లెడ ఉంచాలా, తియ్యాలా అని అడిగింది. ఆయన నా వైపు తిరిగి, "నువ్వు చెప్పు" అన్నారు. నేను ఉంచమన్నాను.

"ఉంచితే ఒకటి గుర్తుపెట్టుకోవాలండి. నూనె రాసే చెయ్యి, తిప్పే చెయ్యి, ఆ లెక్క ఇక అలల్లోనే ఉండిపోద్ది. మీరు మళ్ళీ ఆ పనులు మొదలెట్టినా రాజుగారికి ఎప్పటికీ తెలియదండి."

"ఆ చేతికి రిటైర్మెంటు ఇచ్చేశాను. అబ్బులుని ఉంచుకుంటాం."

"అరికాళ్ళ మీద మీ చెయ్యి ఇంకా ఎక్కలేదండి. ఇంకా రెండు మూడు గంటలు ఆగమంటే ఆగుతాను..."

అరికాళ్ళు. ఇన్నేళ్ళూ అందరికంటే ఎక్కువసార్లు నేను పట్టుకున్నవి అవే. ఆయన ఆగమనలేదు. నేనూ అడగలేదు. రెండు మూడు గంటలని గడువు పెట్టుకుని ముట్టుకుంటే ఏం జరుగుతుందో మా ఇద్దరికీ తెలుసు. అవి పిల్లికీ అప్పలస్వామికీ వదిలేశాను. నా గుండె పట్టనంత ఔదార్యం అది. ఇంకోసారి ఆశించకండి.

"వెయ్యమ్మా ముద్ర" అన్నారు మా ఆయన.

పూస మీద చిన్న వెలుగు వచ్చి ఆరింది. అంతే. జెరూషా పెట్టె సర్దుకుని వెళ్ళేటప్పుడు వంగి ఆయన చెయ్యి అందుకుంది. కొంచెం ఎక్కువసేపే పట్టుకుందని నా అభిప్రాయం.

శుద్ధ పాడ్యమి. పోటు.

కేంద్రంవారూ, ఈ చిట్టా ఇక్కడితో ఆపుతున్నాను. ఇకపై రాసేవి మీకు పంపదగినవి కావు.

లాంచీలోంచి బట్టలు ఇంట్లోకి తెచ్చుకున్నాను. ప్రస్తుతం బయట అరుగు మీద కూర్చుని ఉన్నాను. లోపల అబ్బులు ఆయన్ని తిప్పుతున్నాడు. వాడు భుజం పట్టి లాగినట్టు చప్పుడుని బట్టే తెలుస్తోంది. తుంటి అని అరవాలని నాలుక దాకా వచ్చింది. ఆపుకున్నాను. ఆయన ఏదో అంటున్నారు, వాడు నవ్వుతున్నాడు, తర్వాత ఆయనా నవ్వుతున్నారు. వాడి రోలు చెయ్యి ఆయన మడమ మీద ఉండి ఉంటుంది ఇప్పుడు. నా చేతులు రెండూ నా ఒళ్ళో ఖాళీగా ఉన్నాయి. కడుపులో మండుతోంది. మండనీ.

ఇందాక మంచినీళ్ళు ఇచ్చి వస్తుంటే ఆయన నా కొంగు పట్టుకున్నారు.

"అబ్బులు పోయాక వస్తావా?"

"చూద్దాం."

"ఎప్పుడొస్తావో చెప్పవే."

చెప్పలేదు.

— వీరవేణి